జెండాలో మా రంగు, పాటలో మా మాట

కోదాడ దాటి నడిగూడెం వస్తే ఊళ్ళో కోట కనబడుతుంది. మునగాల పరగణా జమీందారు రాజా నాయని వెంకట రంగారావు కోట. చుట్టూ నిజాం రాజ్యం, మధ్యలో దీవిలా ఇంగ్లీషువాళ్ళ కృష్ణా జిల్లాకు చెందిన ఈ పరగణా. కొమర్రాజు లక్ష్మణరావు ఇక్కడే దివానుగా పనిచేశారు. పింగళి వెంకయ్య ఇక్కడే పత్తి మీద ప్రయోగాలు చేసి 'పత్తి వెంకయ్య' అనిపించుకున్నారు. జాతీయ జెండా ఆలోచన ఆయనకు ఈ కోటలోనే రూపు కట్టిందని ఊరివాళ్ళు గర్వంగా చెప్పుకుంటారు. మేమూ చెప్పుకుంటాం. మా ఊరి గొప్ప మాది కాకుండా ఎట్లా పోతుంది?

కాని ఆ కథలో ఒక ముక్కను సాధారణంగా ఎవరూ చెప్పరు. 1921లో బెజవాడ కాంగ్రెసు సమావేశాల్లో వెంకయ్య గాంధీకిచ్చిన జెండాలో ఉన్నవి రెండే రంగులు. ఎరుపు, ఆకుపచ్చ. ఎరుపు హిందువులకు, ఆకుపచ్చ ముసల్మానులకు గుర్తు. మిగతా మతాలవాళ్ళ కోసం తెలుపు తర్వాత చేరింది. అంటే పుట్టినప్పుడు ఆ జెండాలో సగం గుడ్డ మాది. 1931లో కాంగ్రెసు రంగులకు మతాల అర్థం వద్దని తీర్మానించింది. అది మంచి మాటే. మేము కాదనం. కాని అర్థం తీసేసిన తర్వాత మమ్మల్ని ఆ జెండా ముందు నిలబెట్టి, 'ఇది నీదేనా, చెప్పు' అని అడగడం మొదలైంది. సగం గుడ్డ ఇచ్చినవాణ్ణి రసీదు అడిగినట్టు.

ఈ వ్యాసం జెండా గురించి కాదు, ఒక క్యాసెట్ గురించి. కాని ఆ క్యాసెట్‌ను మేము ఈ కోట నీడలోనే విన్నాం. అందుకని ఇక్కడ మొదలుపెట్టాం.

1997 ఆగస్టు. స్వాతంత్ర్యం వచ్చి యాభై ఏళ్ళు. ఎ.ఆర్. రెహమాన్ 'వందేమాతరం' ఆల్బం వచ్చింది. కోదాడ బస్టాండు దగ్గర క్యాసెట్ల బండి మీద, మిర్యాలగూడ టీ హోటళ్ళలో, పంద్రాగస్టు మైకుల్లో అదే పాట. మాలో ఒకరు అప్పుడు ఎనిమిదో తరగతి. బడిలో జెండా ఎగరేసి టేప్‌రికార్డర్లో 'మా తుఝే సలాం' పెట్టారు. పాట అయిపోయింది. ఒక సారు నవ్వుతూ పిలిచాడు: "ఏం సాయిబూ, రెహమాన్ మీవోడే గదరా. చూసి నేర్చుకో." పిల్లలందరూ నవ్వారు. సారు మనసులో చెడ్డ ఉద్దేశం లేదు. మెచ్చుకుంటున్నాననే అనుకున్నాడు. పిల్లవాడు చాక్లెట్టు చేతిలో పట్టుకుని ఇంటికొచ్చి ఏడ్చాడు. "పాట బాగా లేదా బేటా?" అని అమ్మీ అడిగింది. "మంచిగున్నది అమ్మీ." "మరెందుకు ఏడుస్తున్నవ్?" జవాబు లేదు.

ఆ జవాబు కోసమే ఈ వ్యాసం. పాట బాగుంది, ఏడుపూ నిజమే. ఈ రెండింటినీ కలిపి చెప్పలేకపోతే మా విమర్శ విమర్శే కాదు.

*

ముందు ఆ రెండు మాటల చరిత్ర. 'వందేమాతరం' బంకించంద్ర చటర్జీ గీతం. 1882లో పుస్తకంగా వచ్చిన 'ఆనందమఠం' నవలలో ఆయనే దాన్ని చేర్చాడు. ఆ నవలలో సన్యాసులు ముస్లిం పాలన మీద తిరగబడతారు. ముస్లింల ఇళ్ళు తగలబెట్టడం అందులో వీరకార్యంగా కనిపిస్తుంది. పాటలో ముందున్న చరణాల్లో నీళ్ళు, పళ్ళు, చల్లగాలి, వెన్నెల. తర్వాతి చరణాల్లో దేశం దుర్గ అవుతుంది. అందుకే 1937లో కాంగ్రెసు వర్కింగ్ కమిటీ, రవీంద్రనాథ్ టాగూర్ సలహా కూడా తీసుకుని, సభల్లో మొదటి రెండు చరణాలే పాడాలని నిర్ణయించింది. ఆ అభ్యంతరం ముల్లాల మూర్ఖత్వం కాదు. టాగూర్‌కు అర్థమైన విషయం.

ఇదంతా ఒక పక్క. తెలంగాణలో రెండో పక్కను మరిచిపోతే మేము అబద్ధం ఆడినట్టే. 1938లో ఉస్మానియా హాస్టళ్ళలో వందేమాతరం పాడినందుకు విద్యార్థులను బయటికి పంపారు. ఎంతోమంది నాగపూర్ వెళ్ళి చదువుకున్నారు. పి.వి. నరసింహారావు వాళ్ళలో ఒకరు. ఆ విద్యార్థులకు ఆ పాట మా మీద ద్వేషం కాదు, దొరతనం మీద ధిక్కారం. మరి 1948 పోలీసు చర్య తర్వాత మరాఠ్వాడా, బీదర్, గుల్బర్గా వైపు ముస్లింల మీద జరిగిన హత్యాకాండను సుందర్‌లాల్ కమిటీ రాసిపెట్టింది. రాజ్యం పోయిన నవాబులకు రాజభరణాలు వచ్చాయి. రాజ్యమంటే ఏమిటో ఎరగని దూదేకులవాడు, టాంగా తోలేవాడు, చెప్రాసీ దానికి వెల కట్టారు. ఆ తరంలో మా నానీలకు ఏ నినాదం విన్నా ముందు తలుపు గడియ గుర్తొచ్చేది.

ఒకే మాట ఒక ఇంట్లో ధైర్యం, పక్కింట్లో భయం. రెహమాన్ చేతికి వచ్చిన ముడిసరుకు ఇది.

*

రెహమాన్ ఆ మాట దగ్గరికి ఎట్లా వచ్చాడు? 1967లో మద్రాసులో పుట్టాడు, పేరు దిలీప్‌కుమార్. తండ్రి ఆర్.కె. శేఖర్ సినిమాల్లో సంగీతం చేసేవాడు, కొడుకుకు తొమ్మిదేళ్ళప్పుడు పోయాడు. ఇంటి బరువు కీబోర్డు మీద పడింది. మన రమేశ్‌నాయుడు, రాజ్-కోటి దగ్గర కూడా వాయించాడు. కుటుంబం సూఫీ పీరు నీడకు చేరింది, ఇస్లాం తీసుకుంది. ఇప్పటికీ కడప అమీన్‌పీర్ దర్గాకు వస్తూ ఉంటాడు. ఆయన ఇస్లాం గంధం, ఉరుసు, ఖవ్వాలీల ఇస్లాం. మా తెలుగు ఊళ్ళ ఇస్లాం.

1992లో 'రోజా' వచ్చింది. ఒక్క సినిమాతో దేశమంతా ఆయన పేరు. ఆ డిసెంబరులోనే బాబ్రీ మసీదు కూలింది. మేము ఇప్పటికీ 'రోజా' పాటలు పాడుకుంటాం, కాని ఆ సినిమాను మరిచిపోలేం. తీవ్రవాది నమాజు చదువుతూ ఉంటాడు, అటు జెండా తగలబడుతూ ఉంటుంది, హీరో దాని మీదికి దూకుతాడు. వెనుక సంగీతం రెహమాన్‌ది. నమాజుకూ జెండాకూ పడదని దేశం మొత్తానికి ఆ దృశ్యం చెప్పింది. ఆ సినిమాలోని దేశం ఎవరిదని అడుగుతూ తేజస్విని నిరంజన 1994లో ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీలో రాసిన వ్యాసం పెద్ద చర్చ రేపింది. ఆ చర్చ మణిరత్నం గురించి, మధ్యతరగతి గురించి. ఆ దృశ్యానికి వాద్యాలు కూర్చిన మనిషి రోజూ నమాజు చదివేవాడన్న సంగతిని ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు.

'రోజా' తర్వాత ఐదేళ్ళు ఆయనకు తిరుగులేదు. 'బొంబాయి', 'ప్రేమికుడు', 'ప్రేమదేశం'. అట్లాంటివాడు సినిమా కథ, హీరో, డైరెక్టరు ఎవరూ లేకుండా తన పేరు మీద రికార్డు చేస్తే ఏం చేస్తాడు? సోనీ మ్యూజిక్ ఆయనతో ఒప్పందం చేసుకుంది. ప్రపంచమంతా అమ్మాలనుకుంది. ప్రేమపాటలు, డాన్సు పాటలు చేసి డబ్బు చేసుకోవచ్చు. ఆయన స్నేహితుడు, వ్యాపార ప్రకటనల దర్శకుడు భరత్‌బాలా వందేమాతరం అన్నాడు. ఇద్దరూ ఆ బరువు ఎత్తుకున్నారు.

ఆ పాట రికార్డయిన రాత్రి గురించి భరత్‌బాలా చెప్పిన కథ ఒకటుంది. అది రంజాను ఇరవై ఏడో రాత్రి. అర్ధరాత్రి దాటాక రెహమాన్ పిలిస్తే కోడంబాకంలో ఇంటి వెనకున్న స్టూడియోకు వెళ్ళాడు. అప్పుడు పాడాడు రెహమాన్. షబే ఖదర్ అంటే ఏమిటో మా పాఠకులకు చెప్పనక్కర్లేదు. మిగతావాళ్ళ కోసం చెబుతాం. ఖురాన్ దిగిన రాత్రి అది. వెయ్యి నెలలకంటే గొప్పదని నమ్మకం. ఆ రాత్రి దువా వృథా కాదంటారు. 'రోజా'లో నమాజు, జెండా శత్రువులు. ఇక్కడ జాగారపు రాత్రి నమాజుల మధ్య ఒక ముసల్మాను ఆ రెండు మాటలు పాడాడు. ఆయన ఇట్లా అనుకున్నాడని మేము అనం. మా చెవికి మాత్రం ఇది 'రోజా'కు జవాబులా వినబడుతుంది. ఆయన తరువాయి రికార్డు నిజంగా దేనికి తరువాయో అక్కడ ఉంది.

*

ఇక పాట. ఆల్బంలో మూడు పాటల గురించి చెప్పుకోవాలి.

'రివైవల్'లో బంకించంద్రుడి సంస్కృతం అట్లాగే ఉంది. మర్యాదగా ముట్టుకుని మర్యాదగా పక్కన పెట్టాడు. వినడానికి హాయి. అందులో రెహమాన్ తక్కువ.

'మా తుఝే సలాం' రాసింది మెహబూబ్. అసలు పని అక్కడ జరిగింది. 'వందే'ను 'సలాం' చేశారు. దీన్ని చాలామంది అనువాదం అనుకున్నారు. మా దృష్టిలో ఇది వందేళ్ళ తగాదాకు ఒక కవి, ఒక సంగీతకారుడు చెప్పిన తీర్పు. మా ధర్మంలో సజ్దా ఒక్క అల్లాకే. తల్లికైనా, పీరుకైనా, పాదుషాకైనా సజ్దా లేదు. సలాం అందరికీ ఉంది. పొద్దున లేచి అమ్మీకి సలాం చెప్తాం. కబరస్తాన్ ముందు నుంచి పోతూ చచ్చిపోయినవాళ్ళకు సలాం చెప్తాం. సలాం అంటే శాంతి. దేశం దేవత అయితే మేము వాకిట్లో నిలబడిపోతాం. తల్లి అయితే ఇంట్లోకి వస్తాం. మెహబూబ్ ఆ వాకిలి తెరిచాడు. మౌల్వీలు, పార్లమెంటు మెంబర్లు చర్చించి తేల్చలేనిది ఒక్క మాట మార్చి తేల్చాడు.

ఆ గొంతూ ముఖ్యమే. బాలసుబ్రహ్మణ్యం, హరిహరన్ లాంటి గొంతులు ఆయనకు అందుబాటులో ఉన్నాయి. అయినా తనే పాడాడు. గొప్ప గాయకుడి గొంతు కాదది. పైస్థాయిలో చీలుతుంది. సాధకుడు చేసినట్టు నున్నగా అలంకరించడు. మా ఊరి మసీదులో మైకు లేని రోజుల్లో ముసలి మౌజన్ చెయ్యి చెవికి ఆనించి అజాన్ ఇచ్చినప్పటి గొంతు. పిలిచే గొంతు. దాని కింద డ్రమ్ములు, గిటార్లు, గుంపు గొంతులు వచ్చి చేరతాయి. సంస్కృత పదాన్ని ఆ పిలుపులో పెట్టడం మామూలు సాహసం కాదు.

మూడోది 'గురూస్ ఆఫ్ పీస్'. కంపెనీ తన దగ్గరున్న అంతర్జాతీయ తారల పేర్లు ముందు పెడితే, పేరు కోసం కలిపే పాటల్లో ప్రాణం ఉండదని చెప్పి రెహమాన్ నుస్రత్ ఫతే అలీ ఖాన్‌ను కోరుకున్నాడు. భారతదేశపు యాభై ఏళ్ళ పండుగ రికార్డులో పాకిస్తాన్ ఖవ్వాల్! ఆ ఖవ్వాల్ ఘరానా వేర్లు తూర్పు పంజాబు జలంధరులో ఉన్నాయి. విభజనలో వాళ్ళ కుటుంబం అటు వెళ్ళింది. ఆల్బం వచ్చిన ఆ ఆగస్టులోనే, 16వ తేదీన, నుస్రత్ లండన్‌లో చనిపోయాడు. మన యాభై ఏళ్ళ పండుగకు మరునాడు.

ఈ రోజు ఆ పాట సాధ్యమా? 2016 ఉడీ దాడి తర్వాత, 2019 పుల్వామా తర్వాత పాకిస్తాన్ కళాకారులతో పనిచేయకూడదని మన సినిమా సంఘాలు తీర్మానాలు చేశాయి. సైనికులను చంపినవాళ్ళ మీద కోపం మాకూ ఉంది. కాని నుస్రత్ గొంతు ఉన్నందుకు 1997లో ఆ ఆల్బం దేశద్రోహం కాలేదు. దేశం అప్పుడు కాస్త పెద్దగా ఉంది.

*

పొగడ్తతో సరిపెట్టం. మాకున్న అభ్యంతరాలు చెప్తాం.

ఒకటి, ఆ వీడియో. ఎడారి, మంచుకొండ, సముద్రం, రంగుల తలపాగాలు, నవ్వే ముఖాలు. దేశం ఎంత అందంగా ఉందో! ప్రకటనల కన్నుతో చూస్తే దేశం అంత అందంగానే ఉంటుంది. అందులో పేదవాడు ఉన్నాడు, పేదరికం లేదు. ముసల్మాను ఉన్నాడేమో, మా బస్తీ లేదు. 1992 డిసెంబరు, 1993 జనవరి బొంబాయిలో చచ్చిపోయినవాళ్ళు అప్పటికి ఐదేళ్ళ పాతవాళ్ళు కూడా కాదు. నిలబెట్టి తీసిన ముఖాలు మాట్లాడవు. నడిగూడెం కోట కథ కూడా ఇట్లాగే. జెండా సంగతి చెబుతారు, అదే మునగాల జమీందారీ మీద 1930ల్లో రైతులు తిరగబడ్డ సంగతి చెప్పరు. జెండా పుట్టిందని చెప్పుకునే చోటే వెట్టీ ఉంది. దేశభక్తి పాట రెండింటినీ పాడాలి.

రెండు, మిగతా పాటలు. 'మా తుఝే సలాం' పక్కన నిలబడగలిగింది 'గురూస్ ఆఫ్ పీస్' ఒక్కటే. 'ఓన్లీ యూ' లాంటివి సినిమాకు చేసినట్టే ఉన్నాయి. ఒక పాటంత ధైర్యం ఆల్బమంతా లేదు.

మూడు, దాని తరువాత. 2000లో అదే రెహమాన్, అదే భరత్‌బాలా 'జనగణమన' చేశారు. భీమ్‌సేన్ జోషి, డి.కె. పట్టమ్మాళ్, లతా మంగేష్కర్, మన బాలమురళీకృష్ణ, పర్వీన్ సుల్తానా, జగ్జీత్ సింగ్, ఎంతమందో! అందరూ మహానుభావులు, అందరూ ఒక్కో పాదం పాడారు. గౌరవంగా లేచి నిలబడతాం. కాని అది నిలబడి వినే రికార్డు, కూర్చుని ఏడ్చే రికార్డు కాదు. జాతీయగీతంలో మాట మార్చకూడదు కనక రెహమాన్ అక్కడ మేళం పెద్ద మాత్రమే అయ్యాడు. మొదటిదాంట్లో ఒక మనిషి దేశంతో మాట్లాడాడు. రెండోదాంట్లో దేశం తనతో తనే మాట్లాడుకుంది.

*

ఇప్పుడు ఆ పిల్లవాడి ఏడుపు.

పాట మాకు వాకిలి తెరిచిందన్నాం. కాని తెరిచిన వాకిట్లో మళ్ళీ కాపలా పెట్టారు. 'రెహమాన్‌ను చూసి నేర్చుకో' అన్నమాటే ఆ కాపలా. కలాంను చూసి నేర్చుకో, రెహమాన్‌ను చూసి నేర్చుకో. రాకెట్టు చెయ్యలేనివాడు, పాట కట్టలేనివాడు ఏం చెయ్యాలి? పంచరు షాపు పెట్టుకున్నవాడికి, పరుపులు కుట్టే దూదేకులవాడికి దేశంలో వాటా ఎట్లా వస్తుంది? ప్రతిభ ఉన్న ముసల్మానుకే పౌరసత్వం అంటే అది పౌరసత్వం కాదు, బహుమతి. 1991లో ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ' రాసినప్పుడే ఈ గాయం తెలుగులో బయటపడింది. రెహమాన్ పాట ఆ గాయానికి మందు రాసింది. ఆ పాటను వాడుకున్నవాళ్ళు కట్టు విప్పి చూశారు.

రెహమాన్‌కైనా ఆ సర్టిఫికెట్ నిలిచిందా? 2015లో ఇరాన్ దర్శకుడు మజీద్ మజీదీ తీసిన ప్రవక్త సినిమాకు సంగీతం చేసినందుకు బొంబాయి రజా అకాడమీ ఫత్వా తెచ్చింది. వెంటనే విశ్వహిందూ పరిషత్ నాయకుడొకాయన 'ఘర్ వాపసీ'కి రమ్మన్నాడు. ఒకరు నువ్వు మావాడివి కావన్నారు, ఇంకొకరు నువ్వు మావాడివే వచ్చెయ్ అన్నారు. నువ్వు ఏమనుకుంటున్నావని ఎవరూ అడగలేదు. 2019లో ఆయన కూతురు నిఖాబు వేసుకుని వేదిక ఎక్కితే ఆయన్ను దేశమంతా నిలదీశారు. ఎంచుకునే స్వేచ్ఛ ఆమెది అని చెప్పుకోవలసి వచ్చింది. ఇరవై రెండేళ్ళ కింద తల్లికి సలాం చెప్పినవాడు కూతురి గుడ్డకు సంజాయిషీ చెప్పాడు. దేశభక్తి సర్టిఫికెట్‌కు గడువు ఉంటుంది. మాకు మాత్రమే ఉంటుంది. 2024లో రామ్‌చరణ్ రెహమాన్‌కు ఇచ్చిన మాట కోసం అయ్యప్ప మాలతో కడప దర్గాకు వస్తే దాన్నీ తప్పు పట్టారు. శబరిమల దారిలో వావరు ఉన్నాడన్న సంగతి కూడా గుర్తు లేనంతగా.

ఫత్వాల దగ్గర మావాళ్ళకూ ఒక మాట. సంగీతం హరాం అని రెహమాన్‌ను వెలివేస్తే మేము మిగుల్తామా? ఒంగోలు దగ్గర కరవదిలో పుట్టిన షేక్ చినమౌలానా శ్రీరంగంలో స్థిరపడి నాదస్వరానికే పేరు తెచ్చాడు. తెలుగునాట ఎన్ని గుళ్ళలో దేవుణ్ణి లేపింది దూదేకుల సాయిబుల నాదస్వరం కాదు? ఆ ఊపిరి మాది. దాన్ని మేమే కాదంటే, కాదనేవాళ్ళకు పని తగ్గిస్తాం. పాడనన్న ముసల్మానునూ గౌరవించాలి, పాడినవాణ్ణీ గౌరవించాలి. మేము అడిగేది ఒకే హక్కు, రెండువైపులా.

2025 నవంబరులో వందేమాతరానికి నూటయాభై ఏళ్ళని ఉత్సవాలు మొదలయ్యాయి. 1937లో చరణాలు ఎందుకు తీశారని పార్లమెంటులో మళ్ళీ తగాదా. ఎవరు పాడారు, ఎవరు పాడలేదు అని మళ్ళీ లెక్క. లౌకికవాద మిత్రులు ఆ తగాదాలో మా తరఫున మాట్లాడారు. సంతోషం. కాని వాళ్ళకు మా మనవి ఒకటి. 'రెహమాన్ పాడలేదా' అని మాత్రం మా తరఫున వాదించకండి. రెహమాన్ పాడకపోయినా మేము ఈ మట్టివాళ్ళమే. ఆయన ఆ పాటను ఇష్టంతో పాడాడు, బడీ రాత్‌లో పాడాడు. ఇష్టంతో పాడినదాన్ని పరీక్షపేపరు చెయ్యకండి. చేస్తే పాట చచ్చిపోతుంది.

ఆ ఎనిమిదో తరగతి పిల్లవాడు ఇప్పుడు పిల్లల తండ్రి. బిడ్డ మొన్న ఫోనులో 'మా తుఝే సలాం' పెట్టుకుని వింటోంది. "అబ్బా, ఈయన మనోళ్ళేనా?" అని అడిగింది. వాడు కాసేపు ఆలోచించాడు. "అందరోడు బేటా. మంచిగ పాడిండా లేదా, అది చెప్పు." "మంచిగ పాడిండు." "అయితే సౌండు పెంచు."

ఆ పిల్లను రేపు బడిలో ఏ సారూ 'చూసి నేర్చుకో' అనకుండా ఉంటే చాలు. ఆకుపచ్చ రంగు తిరిగి ఇమ్మని మేము అడగడం లేదు. రసీదు అడగొద్దంటున్నాం.